మేజర్ పూర్: తొమ్మిది వారాల పరుగులు, ముప్ఫై అయిదేళ్ల ఫౌజు
(ప్రసంగ పాఠం)

అందరికీ నమస్కారం.

1899 వేసవిలో ఇంగ్లండ్‌లో ఒక సైనికాధికారి 21 ఇన్నింగ్స్ ఆడి 1,551 పరుగులు చేశాడు. నాలుగుసార్లు నాటౌట్. అంటే 17 సార్లు అవుటయ్యాడు, సగటు 91.23. ఇంగ్లిష్ సీజన్‌లో అంతకు మించిన సగటు చూడటానికి 1930 దాకా ఆగాల్సి వచ్చింది. ఆ ఏడు బ్రాడ్‌మన్ 98.66 సగటుతో దాన్ని దాటాడు. గ్రేస్, రంజీ, ఫ్రై, హాబ్స్ లాంటి మహా బ్యాట్స్‌మన్లందరూ ఆడిన ముప్ఫై ఒక్కేళ్లు ఆ అంకె చెక్కుచెదరలేదు. ఇవాళ ఆ మనిషి పేరు చెబితే క్రికెట్ పిచ్చివాళ్లలో కూడా పదిమందిలో తొమ్మిదిమంది తల అడ్డంగా ఊపుతారు.

ఆయన రాబర్ట్ మాంటగు పూర్. 1866 మార్చి 20న డబ్లిన్‌లో పుట్టాడు. 7వ హుస్సార్స్ అనే ఆశ్విక దళంలో అధికారి. క్రికెట్ మీద ఒక్క దమ్మిడీ తీసుకోని ఆటగాడు. మరి ఇన్ని పరుగులు చేసినవాడు అంత త్వరగా మరుగున ఎలా పడ్డాడు? నా లెక్కలో దీనికి జవాబు స్కోరు పుస్తకంలో లేదు, రెజిమెంటు ఆఫీసులో ఉంది. పూర్ స్కోరు కార్డుని ఆయన సెలవు చీటీ పక్కన పెట్టుకుని చదవాలి. ఎప్పుడు సెలవు దొరికితే అప్పుడు ఆడాడు. ఎక్కడికి పంపితే అక్కడి జట్టుకు ఆడాడు. ఆ మాటకొస్తే ఏ దేశానికి టెస్టు ఆడాడో కూడా యుద్ధ శాఖ బదిలీ ఉత్తర్వే నిర్ణయించింది.

ముందు ఆనాటి ఏర్పాటు ఎలా ఉండేదో చూద్దాం. ఇది తెలియకపోతే తర్వాతది అర్థం కాదు.

కౌంటీ అంటే ఇంగ్లండ్‌లో మన జిల్లా లాంటిది, ఒక్కోదానికి ఒక జట్టు. అప్పటి కౌంటీ జట్టులో రెండు కులాలు. నేను కావాలనే ఆ మాట వాడుతున్నాను. ఒకరు జీతానికి ఆడే ప్రొఫెషనల్స్. మ్యాచ్‌కి అయిదారు పౌండ్లు. దారి ఖర్చు, బస, భోజనం అందులోంచే పెట్టుకోవాలి. చలికాలంలో చాలామందికి ఆ డబ్బు కూడా ఉండదు. రెండోవాళ్లు అమెచ్యూర్లు. వాళ్లకి మ్యాచ్ ఫీజు లేదు, ఖర్చులు మాత్రం కౌంటీ ఇస్తుంది. చాలా మైదానాల్లో డ్రెస్సింగ్ రూములు వేరు, ఆటలోకి దిగే గేట్లు కూడా వేరు. స్కోరు కార్డులో ప్రొఫెషనల్‌కి ఉత్త ఇంటిపేరు. అమెచ్యూర్‌కి ముందు ‘మిస్టర్’ ఉంటుంది, సైన్యంలో ఉంటే హోదా పడుతుంది. ‘మేజర్ ఆర్.ఎం. పూర్’ అని. ఈ తేడాను అధికారికంగా తీసేసింది 1962 చివర్లో.

ఖర్చుల సంగతి అంత కడిగిన ముత్యంలా ఏమీ లేదు. పేరున్న అమెచ్యూర్లు కొందరు ఖర్చుల పేరుతో ప్రొఫెషనల్స్ కన్నా ఎక్కువే తీసుకునేవారని అప్పట్లోనే గొడవ. 1896లో ఓవల్ టెస్టు ముందు అయిదుగురు ప్రొఫెషనల్స్ పది పౌండ్లు చాలవు, ఇరవై ఇవ్వండి అని పట్టుబట్టారు. ముగ్గురు వెనక్కి తగ్గారు. విలియం గన్, జార్జ్ లోమన్ తగ్గలేదు, ఆడలేదు. లోమన్ పేరు గుర్తుంచుకోండి, ఇంకో పది నిమిషాల్లో మళ్లీ వస్తాడు. ఆ టెస్టులో కొత్తగా ఇంగ్లండ్ టోపీ పెట్టుకున్నవాళ్లలో కెప్టెన్ వినియార్డ్ అనే సైనికాధికారి ఒకడు. ఆయనా వస్తాడు.

సైనికాధికారి అంటే జీతం వస్తుంది కదా, ఇబ్బందేముంది అనుకుంటారు. అక్కడే ఉంది తిరకాసు. ఆశ్విక దళంలో చిన్న అధికారి జీతం మెస్సు బిల్లుకే సరిపోదు. గుర్రాలు సొంతంగా కొనుక్కోవాలి, యూనిఫారాలు సొంతం, పోలో గుర్రాలు సొంతం, రెజిమెంటు విందులకు చందాలు. ఏటా అయిదారు వందల పౌండ్ల సొంత ఆదాయం లేనివాడు ఆశ్విక దళంలో నెగ్గుకు రాలేడు. కౌంటీ ప్రొఫెషనల్‌కి సీజను మొత్తం మీద వచ్చేది అందులో సగం కూడా ఉండేది కాదు. కాబట్టి పూర్ లాంటివాడు క్రికెట్ ఆడటమంటే చేతి చమురు వదిలించుకోవడమే. అది కూడా చేతిలో చమురు ఉన్నవాడికే సాధ్యం. 1898లో ఆయన పెళ్లాడింది డ్యూక్ ఆఫ్ హామిల్టన్ చెల్లెలు లేడీ ఫ్లోరాని. ఏ వర్గం మనిషో దీన్నిబట్టి తెలుస్తుంది.

డబ్బు కన్నా పెద్ద చిక్కు సెలవు. ఇంగ్లండ్‌లో ఉన్న రెజిమెంటుకి వేసవే పని కాలం. కవాతులు, తుపాకీ శిక్షణ, ఆగస్టు నుంచి పెద్ద విన్యాసాలు. అధికారులకు పొడుగాటి సెలవు దొరికేది చలికాలంలో, నక్కల వేట కోసం. వేటాడే దొరకి ఆ క్యాలెండరు బాగా సరిపోతుంది, క్రికెటర్‌కి అస్సలు సరిపోదు. కౌంటీ మ్యాచ్ మూడు రోజులు. సోమ, మంగళ, బుధ ఒకటి, గురు, శుక్ర, శని ఇంకొకటి, ఆదివారం ఆట లేదు. అంటే ఒక్క మ్యాచ్‌కి ప్రయాణంతో కలిపి నాలుగు రోజులు కావాలి. వారంలో నాలుగు రోజులు సార్జెంటు మీద స్క్వాడ్రన్ వదిలేసి వెళ్తానంటే ఏ కమాండింగ్ ఆఫీసరు ఒప్పుకుంటాడు? కెప్టెన్ వినియార్డ్‌కి 1897–98 ఆస్ట్రేలియా పర్యటనకి పిలుపు వచ్చింది. సైన్యం పనుల వల్ల వెళ్లలేకపోయాడు.

ఇక పూర్ ఆడిన కౌంటీ, హాంప్‌షైర్. ఆ కౌంటీలో ఆల్డర్‌షాట్, పోర్ట్స్‌మత్, వించెస్టర్ ఉన్నాయి. అన్నీ ఫౌజు ఊళ్లే. కౌంటీకి ఆడాలంటే అక్కడ పుట్టి ఉండాలి, లేదా రెండేళ్లు నివాసం ఉండాలి. బ్యారక్స్‌లో ఉన్నా నివాసమే. దాంతో హాంప్‌షైర్ జట్టు సైన్యం మీద ఆధారపడి బతికింది. ఉచితంగా వచ్చే బ్యాట్స్‌మన్ కదా, కౌంటీ ఖజానాకి కూడా హాయి. దీని నష్టం ఏమిటో తర్వాత చూస్తారు.

ఇప్పుడు పూర్ దగ్గరికి వద్దాం. ఈటన్, హారో, ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్ దారిలో వచ్చిన ఆటగాడు కాదు. అక్కడైతే పదమూడో ఏట నుంచే కోచ్ పక్కన నిలబడి మోచెయ్యి ఎక్కడ ఉండాలో చెప్తాడు. పూర్ క్రికెట్‌ని గట్టిగా పట్టించుకున్నది ఇరవైలు దాటాక, మన దేశంలో, అదీ చాలావరకు క్రికెట్ పాఠాల పుస్తకాలు చదివి. డ్రిల్ మాన్యువల్ చదివినట్టు చదివాడన్నమాట. ఎడమ కాలు ఇక్కడ, తల ఇక్కడ, బ్యాటు ఇలా అని. పుస్తకం చదివి ఈత నేర్చుకోలేమంటారు గానీ బ్యాటింగ్ విషయంలో ఈయన ఆ మాట అబద్ధం చేశాడు.

1890 నుంచి 1895 దాకా బొంబాయి గవర్నరు లార్డ్ హ్యారిస్. అంతకు ముందు ఇంగ్లండ్ కెప్టెన్. ఆయన దగ్గర పూర్ ఏడీసీగా పనిచేశాడు. ఏడీసీ పనంటే అతిథుల జాబితాలు, విందులో ఎవరి పక్కన ఎవరు, గవర్నరు బండి పక్కన గుర్రం మీద స్వారీ. మధ్యాహ్నాలు మాత్రం ఖాళీ. పై అధికారికి క్రికెట్టే ప్రాణం. వానాకాలంలో దర్బారు పూనాకి మారితే ఆట కూడా అక్కడికే మారేది. గవర్నమెంట్ హౌస్ జట్టు కోసం పూర్ 1892–93లో వరసపెట్టి సెంచరీలు కొట్టాడు. 1892 ఆగస్టులో మొదలైన యూరోపియన్లు, పార్సీల మ్యాచ్‌లు మన గడ్డ మీద ఫస్ట్‌క్లాస్ క్రికెట్‌కి, అంటే రికార్డుల్లోకి ఎక్కే పై స్థాయి ఆటకి, ఆరంభం. ఆ యూరోపియన్ల జట్టులోనే ఆయన ఫస్ట్‌క్లాస్ జీవితం మొదలైంది. పూనాలో పార్సీలు మూడు వికెట్ల తేడాతో గెలిచారని కూడా చెప్పాలి.

ఈ కథకి ఇంకో ముఖం ఉంది. బొంబాయి ఎస్‌ప్లనేడ్ మైదానంలో ఒకవైపు వందలమంది స్థానిక కుర్రాళ్లు క్రికెట్ ఆడేవారు. అదే నేల మీద దొరల పోలో. గుర్రపు డెక్క గడ్డి మీద ఎంత లోతు దిగుతుందో పోలో చూసినవాళ్లకి తెలుసు. వేగంగా పరుగెత్తి ఒక్కసారి మలుపు తిరిగినప్పుడు పెచ్చు లేచిపోతుంది, గుంట పడుతుంది. మర్నాడు అక్కడ బంతి వేస్తే అది ఎటు పోతుందో, ఎవరి పళ్లు రాలుతాయో చెప్పలేం. 1881 నుంచి అర్జీల మీద అర్జీలు వెళ్లాయి. దొరలకు తమ జింఖానా సొంత మైదానం ఉండనే ఉంది, దాంట్లోకి గుర్రాల్ని రానివ్వరు. పూర్ రెండు ఆటల్లోనూ దిట్ట. ఆ మైదానం తగువులో ఆయన ఏ వైపు నిలబడేవాడో ఊహించడం పెద్ద కష్టం కాదు. హ్యారిస్ మాటకొస్తే, 1893లో బొంబాయిలో మతకల్లోలాలు చెలరేగినప్పుడు ఆయన పూనాలో ఉన్నాడు. రోజులు గడిచాకే తిరిగి వచ్చాడని పత్రికలు ఏకిపారేశాయి. క్రికెట్టే మన పాలకుల మంచితనానికి రుజువని రాసేవాళ్లు ఈ రెండు సంగతులూ పక్కకి పెట్టేస్తారు.

మన ప్రాంతంతో చిన్న సంబంధం ఉంది, చెప్పేసి ముందుకెళ్తా. 7వ హుస్సార్స్ 1886లో భారత్‌కి వచ్చినప్పుడు మొదటి మకాం సికింద్రాబాద్ కంటోన్మెంటు. మొదటి ప్రపంచ యుద్ధంలో బ్రిటిష్ సేనల్ని నడిపిన డగ్లస్ హేగ్ అప్పుడు ఆ రెజిమెంటులో కుర్ర అధికారి. రెజిమెంటుకి పోలోలో పేరు భారత్‌కి రాక ముందు నుంచే ఉంది.

1895లో హుస్సార్స్‌ని దక్షిణాఫ్రికా పంపారు. నటాల్‌లో దిగారు. ఆ చలికాలం, అంటే అక్కడ ఎండాకాలం, లార్డ్ హాక్ నాయకత్వంలో ఇంగ్లండ్ జట్టు వచ్చింది. అక్కడి బోయర్ల ప్రభుత్వాన్ని కూలదోయడానికి బ్రిటిష్ వాళ్లు చేసిన జేమ్సన్ దాడి విఫలమై దేశమంతా కుతకుతలాడుతున్న రోజులవి. పూర్ నటాల్ తరఫున ఆ జట్టు మీద సెంచరీ కొట్టాడు. దాంతో దక్షిణాఫ్రికా ఆయన్ని టెస్టు జట్టులోకి తీసుకుంది. దేశానికి ఆడటానికి ఇన్నేళ్లు ఉండాలి అన్న పట్టింపు అప్పుడు లేదు. అలా ఐర్లండ్‌లో పుట్టి, ఇంగ్లండ్ సైన్యంలో ఉంటూ, భారత్‌లో ఆట నేర్చినవాడు దక్షిణాఫ్రికా తరఫున ఇంగ్లండ్ మీద మూడు టెస్టులు ఆడాడు. 1896 ఫిబ్రవరి, మార్చిలలో పోర్ట్ ఎలిజబెత్, జోహన్నెస్‌బర్గ్, కేప్‌టౌన్.

మూడింటిలో కలిపి 76 పరుగులు. అత్యధికం 20. సగటు 12.66.

ఎందుకు విఫలమయ్యాడు? ఇక్కడ కాస్త ఆగుదాం. అక్కడ అప్పట్లో గడ్డి పిచ్ లేదు. గట్టి మట్టి నేల మీద పీచు చాప పరిచి, చుట్టూ మేకులు కొట్టి ఆడేవారు. చాప బాగా లాగి బిగిస్తే బంతి వేగంగా, ఎత్తుగా లేస్తుంది. కాస్త వదులైతే బంతి చాపని పట్టుకుని తిరుగుతుంది, నిదానంగా వస్తుంది. ఎండకి, ఆటగాళ్ల కాళ్లకి చాప ఉదయం ఉన్నట్టు సాయంత్రం ఉండదు. పూర్ ఆరడుగుల నాలుగంగుళాల మనిషి. ఆయన బలమంతా ముందుకి వేసే అడుగులో ఉంది. గడ్డి పిచ్ మీద పొడుగు కాలు, పొడుగు చేతులు, నిటారు బ్యాటు కలిస్తే బంతి పడిన చోటే దాన్ని నొక్కేయొచ్చు, లేదా అక్కడే డ్రైవ్ కొట్టొచ్చు. మామూలు మనిషికి ముందుకెళ్లాలో వెనక్కెళ్లాలో తేలని ‘మంచి లెంగ్త్’ బంతి ఈయనకి అందిపోతుంది. చాప మీద బంతి అదనంగా లేచేసరికి అదే అడుగు ఉచ్చవుతుంది. బంతి బ్యాటు మధ్యన కాక హ్యాండిల్ దగ్గరో గ్లవ్‌కో తగిలి క్యాచ్ లేస్తుంది.

పైగా ఎదురుగా ఉన్నది లోమన్. నేను గుర్తుంచుకోమన్నది ఈయన్నే. క్షయ వల్ల పొడి గాలి కోసం దక్షిణాఫ్రికాలో గడిపేవాడు. మీడియం పేస్, ఒకే యాక్షన్‌తో వేగం మార్చడంలో ఆయనకి సాటి లేరు. ముందుకి అడుగేసిన బ్యాట్స్‌మన్‌కి బంతి అనుకున్న క్షణానికి రాదు. పోర్ట్ ఎలిజబెత్‌లో రెండో ఇన్నింగ్స్‌లో 7 పరుగులకి 8 వికెట్లు, చివర్లో హ్యాట్రిక్. దక్షిణాఫ్రికా 30కి ఆలౌట్. జోహన్నెస్‌బర్గ్‌లో 28 పరుగులకి 9. మూడు టెస్టుల్లో 35 వికెట్లు, ఒక్కోటి 5.80 చొప్పున. ఆ జట్టులో ఎవరు నిలిచారు గనక పూర్ నిలవాలి? పుస్తకంలో నేర్చిన ఆటకి పుస్తకంలో లేని పిచ్ ఎదురైంది, అంతే.

ఆ మార్చిలోనే రొడీషియాలో, అంటే ఇవాళ్టి జింబాబ్వేలో, మటబెలె తెగ తిరుగుబాటు మొదలైంది. హుస్సార్స్‌ని అక్కడికి పంపారు. పూర్ బ్యాటు మూలన పెట్టి గుర్రమెక్కాడు.

1898లో హాంప్‌షైర్‌కి ఆడటం మొదలుపెట్టాడు. 1899లో జూన్ దాకా కౌంటీ మ్యాచ్‌లు ఆడలేదు. జూన్ 12 సోమవారం పోర్ట్స్‌మత్‌లో సోమర్‌సెట్ మీద దిగాడు. మొదటి ఇన్నింగ్స్‌లో 104, రెండోదాంట్లో 119 నాటౌట్. తర్వాత లాంకషైర్ మీద 111. అక్కడి నుంచి ఆగస్టు 12 శనివారం దాకా, సరిగ్గా తొమ్మిది వారాలు. హాంప్‌షైర్‌కి 1,399 పరుగులు, ఏడు సెంచరీలు, సగటు 116.58.

ఇక్కడ ఒక చిన్న లెక్క చేయండి. సీజను మొత్తం 1,551. అందులోంచి హాంప్‌షైర్ పరుగులు తీసేస్తే 152. హాంప్‌షైర్‌కి 12 సార్లు అవుటయ్యాడు, మొత్తం 17 సార్లు. అంటే మిగతా మ్యాచ్‌ల్లో అయిదు అవుట్లకి 152, సగటు ముప్ఫై చిల్లర. అది మామూలు మంచి బ్యాట్స్‌మన్ సగటు. కాబట్టి 1899 మొత్తం అద్భుతం కాదు, ఆ తొమ్మిది వారాలే అద్భుతం. సెలవు దొరికి, వరసగా వారానికి రెండు మ్యాచ్‌లు పడి, చెయ్యి ఆరకుండా ఆడిన రోజులవి. అప్పుడప్పుడు వచ్చి ఒక మ్యాచ్ ఆడి పోయే అధికారికి, ప్రొఫెషనల్ లాగా రోజూ ఆడిన అధికారికి తేడా ఇంత ఉంటుందన్నమాట.

వాతావరణం కూడా కలిసొచ్చింది. ఆ వేసవి పొడిగా, ఎండగా గడిచింది. పిచ్‌ల మీద పరదాలు కప్పే పద్ధతి లేని రోజుల్లో ఇది చిన్న విషయం కాదు. వాన పడి ఆరుతున్న పిచ్ మీద ముందుకి అడుగేసే బ్యాట్స్‌మన్‌కి చాప మీద జరిగిందే జరుగుతుంది. గట్టి పిచ్ మీద ఆ అడుగు రాజ్యమేలుతుంది. అదే ఏడు రంజీ 3,159 పరుగులు చేశాడు, మూడు వేలు దాటిన మొదటివాడు. ఆయన సగటు 63. పరుగుల్లో రంజీ రెట్టింపు, సగటులో పూర్ ఎంతో పైన. నన్నడిగితే ఎవరు గొప్ప అంటే రంజీయే. సీజనంతా, తడి పిచ్ వచ్చినా పొడి పిచ్ వచ్చినా నిలబడినవాడు. కానీ ఒక రెండు నెలలు ఎవరిలా ఆడాలని ఉంది అంటే పూర్‌ని చూపిస్తాను.

ఇక టాంటన్‌లో జరిగిన మ్యాచ్. జూలై 20 గురువారం మొదలైంది. మళ్లీ సోమర్‌సెట్టే. పాపం, వాళ్లేం చేశారో ఈయనకి! అయిదు వికెట్లు పడ్డాక పూర్‌తో కలిసినవాడు కెప్టెన్ వినియార్డ్. ఈయన గురించి ఒక మాట. సహారన్‌పూర్‌లో పుట్టాడు, 1861లో. బర్మా యుద్ధంలో డీఎస్‌ఓ పతకం. ఫుట్‌బాల్‌లో ఓల్డ్ కార్తూజియన్స్ తరఫున 1881లో ఎఫ్‌ఏ కప్ గెలిచిన జట్టు సభ్యుడు. దావోస్‌లో మంచు పగిలి నీళ్లలో పడ్డ మనిషిని రక్షించినందుకు ఇంకో పతకం. అలాంటి ఇద్దరు అధికారులు నాలుగు గంటల ఇరవై నిమిషాల్లో 411 పరుగులు జోడించారు. గంటకి 95 పరుగుల లెక్క. పూర్ 304, వినియార్డ్ 225. హాంప్‌షైర్ 7 వికెట్లకి 672.

ఈ వేగం ఎంతటిదో తెలియాలంటే నాటి నియమాలు చూడాలి. 1899లో ఇంగ్లండ్‌లో ఓవర్‌కి అయిదు బంతులే. ఆరు బంతులు మరుసటి ఏడు వచ్చాయి. సిక్సర్ రావాలంటే బంతి బౌండరీ దాటితే చాలదు, మైదానం ప్రహరీ దాటి బయట పడాలి. తాడు మీంచి ఎగిరి పడ్డా నాలుగే. ఓవర్లు త్వరగా తిరిగేవి, నిజమే. అయినా ఈ పరుగుల్లో ఎక్కువ భాగం నేలబారు డ్రైవ్‌లే.

మ్యాచ్ మాత్రం డ్రా. దానికీ ఓ నియమమే కారణం. అప్పుడు చివరి రోజు రాకుండా ఇన్నింగ్స్ డిక్లేర్ చేయడానికి వీల్లేదు. రెండో రోజు మధ్యాహ్నం నుంచే డిక్లేర్ చేయొచ్చన్న సడలింపు 1900లో వచ్చింది. కొండంత ఆధిక్యం ఉన్నా సోమర్‌సెట్‌ని రెండోసారి పది వికెట్లూ తీయడానికి పొద్దు చాలలేదు. ఆరో వికెట్‌కి 411 అప్పుడు ప్రపంచ రికార్డు. 1902లో హోవ్‌లో ఆస్ట్రేలియా ఆటగాళ్లు ఆర్మ్‌స్ట్రాంగ్, నోబుల్ 428తో దాటారు.

అదే వేసవిలో మిలిటరీ టోర్నమెంటులో గుర్రం మీద ఆయుధ విద్యల్లో పూర్ మేటిగా నిలిచాడు. అంటే కత్తికి బల్లెం ఎదురు నిలిచే పోటీ, పరుగెత్తే గుర్రం మీంచి నేలలో దిగ్గొట్టిన కొయ్య మేకుని బల్లెంతో పొడిచి లేపే పోటీ, అలాంటివి. అంతర్ రెజిమెంటు పోలో గెలిచిన 7వ హుస్సార్స్ జట్టులోనూ ఉన్నాడు. ఇవన్నీ విడివిడి ప్రతిభలు అనుకోకండి. గంటకి ఇరవై మైళ్ల వేగంతో పోతూ జానెడు కొయ్య మీద కన్ను నిలిపేవాడికి తన వైపు వచ్చే బంతిని కనిపెట్టడం బాగా అలవాటైన పని. మణికట్టు, ముంజేయి బలం కూడా అక్కడిదే. అమెచ్యూర్ అధికారుల్లో చాలామంది జట్టులో ఆటలో అరటిపండులే. హోదా చూసి తీసుకుంటారు, తొమ్మిదో స్థానంలో ఆడిస్తారు. పూర్ ఆ బాపతు కాదు.

అక్టోబర్ 11న దక్షిణాఫ్రికాలో బ్రిటన్‌కీ డచ్ సంతతి బోయర్లకీ మధ్య బోయర్ యుద్ధం మొదలైంది. అధికారులంతా ఓడలెక్కారు. 1900లో హాంప్‌షైర్ 22 మ్యాచ్‌లు ఆడింది. 16 ఓటములు, 6 డ్రాలు. గెలుపు ఒక్కటీ లేదు, పట్టికలో అట్టడుగు. ఉచితంగా వచ్చే బ్యాట్స్‌మన్‌ని నమ్ముకుని జీతం ఇచ్చి కుర్రాళ్లని తయారు చేసుకోని కౌంటీకి జరిగింది అది. యుద్ధాన్ని తిట్టి లాభం లేదు, కమిటీని తిట్టాలి.

దక్షిణాఫ్రికాలో పూర్ పని ప్రొవోస్ట్ మార్షల్. సైన్యంలో పోలీసు పెద్ద. పారిపోయిన సైనికుల్ని పట్టడం, దోపిడీలు ఆపడం, ఖైదీల కాపలా, కోర్టు మార్షల్ శిక్షలు అమలు చేయడం. మరణశిక్ష కూడా ఆ శాఖ బాధ్యతే. బోయర్ ఖైదీల్ని కాల్చి చంపిన కేసులో, ఆస్ట్రేలియా నుంచి యుద్ధానికి వచ్చిన లెఫ్టినెంట్లు మోరంట్, హ్యాండ్‌కాక్‌లని 1902 ఫిబ్రవరి 27 తెల్లవారుజామున ప్రిటోరియా జైలులో కాల్చేశారు. ఆస్ట్రేలియాలో ఇవాళ్టికీ ఆ కేసు మీద వాదనలు నడుస్తున్నాయి. పూర్ రోజూ డైరీ రాసేవాడు. ఖైదీలని ప్రాణాలతో పట్టొద్దన్న మాట ఎక్కడ పుట్టిందన్న చర్చలో చరిత్రకారులు ముందు తిరగేసే కాగితాల్లో ఆ డైరీ ఒకటి. క్రికెట్ రాతల్లో 304 గురించి చదివినవాళ్లకి ఈ పూర్ తెలియడు, మోరంట్ గురించి చదివినవాళ్లకి ఆ పూర్ తెలియడు. ఒకే చేతిరాత.

తిరిగొచ్చాక 1906 దాకా హాంప్‌షైర్‌కి అడపాదడపా ఆడాడు. 1899 మళ్లీ రాలేదు. వయసు నలభైకి చేరింది, సెలవులు తగ్గాయి, రెజిమెంటులో బాధ్యతలు పెరిగాయి. మళ్లీ భారత్ వచ్చి 1912–13లో నలభై ఆరేళ్లప్పుడు యూరోపియన్ల జట్టుకి ఫస్ట్‌క్లాస్ మ్యాచ్ ఆడాడు. మొదటి ప్రపంచ యుద్ధ కాలంలో ఝాన్సీ బ్రిగేడ్ ఆయన చేతిలో ఉంది. బ్రిగేడియర్ జనరల్‌గా రిటైరయ్యాడు. మొత్తం ఫస్ట్‌క్లాస్ సెంచరీలు పదకొండు. అందులో ఏడు ఆ తొమ్మిది వారాలవే.

(సభలోంచి ఒకరు: ఇంగ్లండ్ ఆయన్ని ఎందుకు తీసుకోలేదండీ? అదే ఏడు ఆస్ట్రేలియా వచ్చింది కదా?)

మంచి ప్రశ్న అడిగారు. అవును, 1899లో ఆస్ట్రేలియా అయిదు టెస్టులు ఆడింది, సిరీస్ 1–0తో గెలిచింది. తేదీలు చూడండి. మొదటి టెస్టు జూన్ 1న. అప్పటికి పూర్ కౌంటీ ఆటే మొదలుపెట్టలేదు. రెండోది జూన్ 15న లార్డ్స్‌లో. పోర్ట్స్‌మత్ జంట సెంచరీల మ్యాచ్ 14తో ముగిసేది, జట్టు అప్పటికే ఖాయమైపోయి ఉంటుంది. మూడోది జూన్ 29, నాలుగోది జూలై 17. టాంటన్ 304 దాని తర్వాతి వారమే మొదలైంది... కాదు, అదే వారం, గురువారం. ఇక మిగిలింది ఆగస్టు 14 ఓవల్ ఒక్కటే. ఆ ఏడే మొదటిసారి ఒక సెలెక్షన్ కమిటీ పెట్టారు, అందులో లార్డ్ హాక్ ఉన్నాడు. మూడేళ్ల కిందట పూర్ ఎదుటి జట్టులో 12 సగటుతో తంటాలు పడటం ఆయన కళ్లారా చూశాడు. దక్షిణాఫ్రికాకి ఆడినందుకు పనికిరాడు అన్న నిషేధం అప్పట్లో లేదు, ఫ్రాంక్ హెర్న్ రెండు దేశాలకీ ఆడాడు. కాబట్టి నేను నిబంధనని కాదు, క్యాలెండర్‌నే కారణం అంటాను. బ్యాటు మాట్లాడటం మొదలుపెట్టేసరికి టెస్టులు అయిపోవచ్చాయి.

(ఇంకొకరు: హాంప్‌షైర్‌లో ఆ 304 ఇంకా రికార్డేనా?)

లేదండి. 1937 జూలైలో బోర్న్‌మత్‌లో వార్విక్‌షైర్ మీద డిక్ మూర్ 316 చేశాడు. 38 ఏళ్లు నిలిచిన రికార్డు అది. పూర్ అప్పటికి బతికే ఉన్నాడు, మరుసటి ఏడు జూలై 14న బోర్న్‌మత్ పక్కనే ఉన్న బాస్కమ్‌లో పోయాడు. ఆరో వికెట్ 411 మాత్రం హాంప్‌షైర్ పట్టికలో ఇప్పటికీ పైన ఉంది. వినియార్డ్ పేరుతో కలిపి.